వరహాలమ్మ గెలుచుకున్న దారి

విశాఖలో మల్కాపురం దాటాక ఉన్న జాలరిపేటలో వరహాలమ్మ నోటికి జడవని వాళ్లు లేరు. మొగుడు సముద్రంలో పోయాక పడవల దగ్గర నెత్తళ్ల చేపలు వేలం పాడుకుని, ఎండబెట్టి అమ్మి, ఆడపిల్లల్ని పెంచి పెళ్లిళ్లు చేసిన మనిషి. వేలంలో ఆమె గొంతు లేస్తే షావుకార్లే వెనక్కి తగ్గేవారు. అలాంటి మనిషిని ఒక గోడ ఆపేసింది.

పేట నుంచి ఒడ్డుకు పోయే సందుకు గోడౌను కంపెనీ ఒకటి అడ్డంగా గోడ కట్టేసింది. చుట్టూ తిరిగి వెళ్లేసరికి వేలం అయిపోయేది. పేట ఆడవాళ్ల నోటి దగ్గర కూడు పోయింది. వరహాలమ్మ లాయరు అనూరాధని పట్టుకుని హైకోర్టుకెక్కింది. గోడ తీయించి దారి తెరవమని పేట ఉన్న ప్రాంతపు మున్సిపల్ ఆఫీసరు వీరేంద్రని కోర్టు ఆదేశించింది.

ఆ ఉత్తర్వు కాగితాన్ని వీరేంద్ర ఆఫీసులో ఇచ్చి రమ్మని అనూరాధ ఆమె చేతిలో పెట్టింది. వరహాలమ్మ ఏం చేసిందో వినండి. దానికి పసుపు రాసి, బొట్టు పెట్టి, గంగమ్మ పటం ముందుంచి రోజూ దీపం వెలిగించింది! అంత పెద్ద కోర్టు ఒక మాటన్నాక అది దానంతటదే జరిగిపోతుందని ఆమె నమ్మకం. గోడ మాత్రం చెక్కుచెదరలేదు.

సంగతేమిటో కనుక్కుందామని వచ్చిన అనూరాధ తల పట్టుకుంది. "ఇది పూజ చెయ్యడానికి కాదు వరహాలమ్మా, ఆఫీసులో ఇవ్వడానికి!"

"కోర్టోరి మాటమ్మా. ఎక్కడ పడితే అక్కడెడతానేటి? అమ్మోరి కాడెట్టినాను."

ఇద్దరూ కలిసి ఆఫీసుకు వెళ్లారు. వీరేంద్ర ఆ పసుపు కాగితాన్ని రెండు వేళ్లతో పట్టుకుని నవ్వాడు. "చూద్దాంలే" అని పక్కన పడేశాడు. నెలలు గడిచినా చూడలేదు. అనూరాధ కోర్టు ధిక్కరణ కేసు వేసింది. ఆయన్నే స్వయంగా వచ్చి నిలబడమంది కోర్టు.

అమరావతిలో ఆ హాల్లో, అదే వీరేంద్ర చేతులు కట్టుకుని, చెమటలు కక్కుతూ నిలబడ్డాడు.

"దారి తెరుస్తారా, జైలుకు వెళతారా?" అనడిగారు జడ్జి, టీ తాగుతారా అన్నంత నెమ్మదిగా.

"తెరుస్తాను సార్, క్షమించండి" అన్నాడు వీరేంద్ర. గొంతు వణికింది.

అరిచి గెలవడమే తెలిసిన వరహాలమ్మకి, జడ్జిగారి అంత చిన్న గొంతుకి అంత బలం ఎక్కడిదో బోధపడలేదు. బయటికొచ్చాక కూడా ఆ ఆశ్చర్యం తీరలేదు.

"అరవనేదు, తిట్టనేదు! అంతోడు వొణికిపోనాడమ్మా!" అంది అనూరాధతో.

మర్నాడే పొక్లెయిన్ వచ్చి గోడ కూల్చేసింది. వీరేంద్ర దుమ్ములో నిలబడి దగ్గరుండి చేయించాడు. వరహాలమ్మ గంప నెత్తిన పెట్టుకుని అందరికన్నా ముందు కదిలింది. వెనక ఎవరో నడుస్తున్న చప్పుడైంది. తిరిగి చూస్తే వీరేంద్ర, బూట్ల నిండా ఇసుకతో.

"నా యెనకాల ఏటికొత్తన్నారు బాబూ?"

"గోడ పడితే చాలదన్నారమ్మా జడ్జిగారు. మీరు ఒడ్డు చేరడం కళ్లారా చూసి రాసివ్వమన్నారు."

వరహాలమ్మ నిలబడిపోయింది. మొగుడు పోయిన నాటి నుంచి, ఆమె ఎక్కడికి వెళ్లిందో, చేరిందో లేదో అడిగినవాళ్లు లేరు. ఎక్కడో కూర్చున్న ఆ పెద్దమనిషికి తన కాళ్లు ఒడ్డు తొక్కాయో లేదో కావాలట! ఆమెకు కళ్లనీళ్లు ఆగలేదు. గబగబా నడిచి, మోకాలి లోతు నీళ్లలోకి దిగి, వీరేంద్ర వైపు తిరిగింది.

"వరహాలమ్మ ఒడ్డుకొచ్చీసినాదని ఆ బాబుకి సెప్పండి."