గిన్నెల వాంగ్మూలం

మా వదిన గిన్నెలతో మాట్లాడుతుంది. తోముతూ తోముతూ సణుక్కోవడం అందరం చేసేదే, నేను చెప్పేది అది కాదు. మా వదిన ఖాళీ తపేలా మూతికి చెవి ఆనించి, కళ్ళు మూసుకుని, అది చెప్పేదంతా వింటుంది. మధ్యమధ్యలో ఊఁ కొడుతుంది. ఒక్కోసారి "అయ్యో పాపం" అంటుంది. పక్కనున్నవాళ్ళకి వెన్నులోంచి చలి పుట్టుకొస్తుంది.

ఆవిడ మా ఇంటికి కోడలిగా వచ్చిన మర్నాడు పొద్దున్నే మా అమ్మ వంటింట్లోకి వెళ్ళి కెవ్వుమంది. పరుగెత్తి చూద్దును కదా, మసక వెలుతురులో కొత్త కోడలు నేల మీద గొంతుక్కూర్చుని అన్నం గిన్నెలో తల దూర్చి ఉంది.

"ఏం చేస్తున్నావమ్మా?" అంది మా అమ్మ గుండె పట్టుకుని.

"ఏం లేదత్తయ్యా, కొత్తదాన్ని కదా, పలకరిస్తున్నాను."

"ఎవర్ని?"

"దీన్నే. ఈ ఇంట్లో ఎవరూ పస్తు పడుకోరట. మంచి గిన్నె."

మా అమ్మ ఆ రోజంతా వంటింట్లోకి వెళ్ళలేదు. మా అన్నయ్య మాత్రం "పోనీలేవే, మనతో పోట్లాడేకంటే నయమేగా" అన్నాడు. వాడంతే, ఇల్లు అంటుకున్నా పోనీలే అనే రకం.

ఇలాంటి మనిషికి ఉద్యోగం ఎక్కడ దొరికిందయ్యా అంటే, సరిగ్గా నేను పనిచేసే చోటే. మాది ప్రభుత్వం తరఫున తిండిగింజలు ఇచ్చే ఆఫీసు. ఇల్లు గడవనివాళ్ళు అర్జీ పెట్టుకుంటారు. మేం ఇద్దరిద్దరం వాళ్ళింటికి వెళ్ళి ఎంక్వైరీ చేస్తాం. ఒకరు అడగాలి, ఒకరు రాసుకోవాలి. అర్జీలో ఏం రాసుకున్నా సరే, అక్కడ ఒక ప్రశ్న అడిగి తీరాలి: "ఇంట్లో తినడానికి ఏమైనా ఉందా?" ఇంటివాళ్ళు తమ నోటితో "లేదు" అనాలి. "ఉంది" అన్నారా, అర్జీ మూసేస్తాం, మళ్ళీ ఏడాది దాకా ఆ ఊసే ఎత్తకూడదు. దీన్ని మా ఆఫీసులో నోటిమాట అంటారు.

ఈ రూలు పెట్టిన మహానుభావుడెవరో గానీ జన్మలో ఒకరి గుమ్మం తొక్కి ఉండడు. ఇంటికొచ్చిన మనిషి "తినడానికేమైనా ఉందా" అంటే మనవాళ్ళు లేదంటారా? వదిన ఇంకా చేరకముందు ఒక ఇస్త్రీ ఆవిడ ఇంటికి వెళ్ళాను. ప్రశ్న అడిగానో లేదో, "అయ్యో, ఎందుకు లేదమ్మా! కూర్చోండి, రెండు ముద్దలు తిని వెళ్దురుగాని" అంటూ లోపలికి పరుగెత్తింది. లోపల మూతలు తీస్తున్న చప్పుడు, పెడుతున్న చప్పుడు. ఎంతసేపటికో గ్లాసుడు మంచినీళ్ళతో బయటికొచ్చింది, నా మొహంలోకి చూడకుండా. నాతో వచ్చిన గుమస్తా అప్పటికే "ఉంది" అని రాసేశాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఎవరి మీద మండాలో మాత్రం తెలియలేదు.

మా వదిన ఈ గొడవలేవీ పెట్టుకోదు. అసలు మనుషుల్ని అడగదు. ఎవరింటికి వెళ్ళినా నేరుగా వంటింట్లోకి నడుస్తుంది. అందరూ ఊపిరి బిగబట్టి చూస్తుండగా తపేలా పక్కన చతికిలబడి, మూత తీసి, చెవి ఆనిస్తుంది. ఆ నిశ్శబ్దం ఉంది చూశారూ, గోడ మీద బల్లి కూడా కదలదు. తర్వాత తల ఎత్తి ఇంటావిడ వంక చూస్తుంది.

"ఏమే, ఏమీ లేదంటోందే ఇది! నిజమేనా?"

"అది... అంటే... అదే అన్నాక నేను కాదంటే ఏం బాగుంటుందమ్మా."

"రాసుకో అమ్మాయ్" అంటుంది నాతో.

ఇది నవ్వుతాలుగానే ఉంటుంది గానీ, ఒక్కోసారి నాకే భయం వేసేది. ఒకచోట బియ్యం డబ్బా మూత తీసి చెవి పెట్టిన మనిషి ఉలిక్కిపడింది. "ఇందులో ఎవరో ఏడుస్తున్నారు" అంది మెల్లగా. ఆ ఇంటావిడ మొహం పాలిపోయింది. గోడకి జారబడి, "పిల్లలకి వినపడకూడదని అందులో తల పెట్టి ఏడుస్తానమ్మా. మీకెవరు చెప్పారు?" అంది. నా చేతిలో పెన్ను జారి కింద పడింది. ఆ సాయంత్రం వదిన పక్కన నడవడానికి కూడా జంకాను. ఆవిడ మాత్రం దారిలో దుకాణం చూసి, "గిన్నెలు తోమే పీచు అయిపోయింది, కొనాలి" అంది మామూలుగా.

ఇలాంటివి దాగుతాయా? వీధుల్లో ఆవిడకి గిన్నెలమ్మ అని పేరు పడింది. ఎవరో పుణ్యం కట్టుకుని, ఆహార సహాయం ఆఫీసువాళ్ళు ఇళ్ళకి మంత్రగత్తెని పంపుతున్నారని పైకి ఫిర్యాదు రాశారు. కొత్తగా వచ్చిన పెద్ద సారు మమ్మల్నిద్దర్నీ పిలిపించాడు.

"ఏమమ్మా, మీరు తపేలాలతో మాట్లాడతారట?"

"నేను వింటానంతే సార్. మాట్లాడేది అవే."

సారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "రేపు ఎంక్వైరీకి నేనూ వస్తున్నాను. మనిషిని మనిషి అడగాలి. వంటింటి వైపు మీ చూపు మళ్ళిందంటే ఉద్యోగం ఉండదు."

తీరా చూస్తే ఆ మర్నాటి ఇల్లు విగ్గుల మేస్త్రీది. నా గుండె గుభేలుమంది. ఆయన ఒకప్పుడు నాటకాల కంపెనీకి జుట్లు కట్టేవాడు. కంపెనీ మూతపడింది. పెళ్ళాం బిడ్డలు లేరు, ఉన్నదల్లా ఒక ముసలి అక్కగారు, అంతే. పోయినేడాది అర్జీ పెట్టుకుని, నోటిమాట దగ్గర మా గుమస్తాతో "దేనికీ లోటు లేదు" అని దర్జాగా చెప్పాడు. అర్జీ మూసేశారు. ఆ ఏడాదంతా అక్కాతమ్ముడూ ఏం తిన్నారో ఆ వీధిలో ఒక్కరికీ తెలియదు. ఈసారీ ఉందన్నాడంటే ఇద్దరిలో ఒకరు మళ్ళీ అర్జీ పెట్టడానికి మిగలరని నాకు గట్టిగా అనిపించింది.

మేం వెళ్ళేసరికి మబ్బు కమ్ముకుని పట్టపగలే దీపం పెట్టాల్సినంత చీకటైంది. పొడుగాటి ముందుగది. గోడల పొడవునా అరలు, అరల నిండా కొయ్య తలలు. కళ్ళు లేవు, ముక్కులు లేవు, జుట్లు మాత్రం ఉన్నాయి. రాజుల గిరజాలు, మునుల జడలు, నడుం దిగిన ఆడవాళ్ళ జడలు. కిటికీలోంచి గాలి కొట్టినప్పుడల్లా అన్నీ కలిసి కొద్దిగా కదిలేవి. సారుకి ఆ అరల కిందే కుర్చీ వేశాడు మేస్త్రీ. ఒక పొడుగు జడ ఆయన మెడ మీదికి వచ్చి తగిలింది. సారు గభాల్న లేచి నిలబడ్డాడు.

"భయపడకండి సార్, అవి ఉత్త తలలు" అన్నాడు మేస్త్రీ. మనిషి ఎండిపోయి పుల్లలా ఉన్నాడు గానీ, చొక్కా ఉతికి ఉంది, తల నున్నగా దువ్వి ఉంది.

"నాకేం భయం" అన్నాడు సారు, కుర్చీ ముందుకు లాక్కుంటూ. "ఇంట్లో ఇంకెవరుంటారు?"

"మా అక్క. పక్కవీధికి వెళ్ళింది సార్. ప్రస్తుతం నేనొక్కడినే."

సారు గొంతు సవరించుకున్నాడు. నేను కళ్ళు మూసుకున్నాను. "ఇంట్లో తినడానికి ఏమైనా ఉందా?"

"భలేవారే! లేకపోవడమేంటి సార్?" అన్నాడు మేస్త్రీ చేతులు జోడించి. "మీలాంటి పెద్దలు రాకరాక వచ్చారు, కాస్త ఎంగిలిపడి వెళ్ళాల్సిందే."

"చూశారా?" అన్నాడు సారు మా వంక తిరిగి. "అడిగితే చెబుతారు. రాయండమ్మా, ఉందని."

"పెన్ను రాయట్లేదు సార్" అన్నాను.

"నాది తీసుకోండి."

"సార్, ఒక్కసారి వంటింట్లోకి..." అంది వదిన.

"వద్దన్నానా!"

అప్పుడు వినపడింది. వంటింట్లోంచి, లోతుగా, ఇత్తడి మోగినట్టు.

"లేదు."

గాలి ఆగిపోయింది. జుట్లన్నీ ఆగిపోయాయి. మేస్త్రీ నోరు తెరిచి అలాగే ఉండిపోయాడు.

"ఎ... ఎవరది?" అన్నాడు సారు.

"బియ్యం లేవు" అంది ఆ గొంతు నింపాదిగా. "పిండి లేదు. నిన్నా లేవు. మొన్నా లేవు. ఆయన అబద్ధం చెబుతున్నాడు."

మా వదిన ఏం చేసిందనుకుంటున్నారు? చెవి పెట్టి విందనా? ఊఁ కొట్టిందనా? అమ్మోయ్ అని ఒక్క గంతులో వచ్చి నా వెనక దాక్కుంది. నా జబ్బ మీద ఆవిడ గోళ్ళు దిగిపోయాయి.

"వదినా, నీవాళ్ళే కదా! వెళ్ళి పలకరించు!" అన్నాను.

"నోర్ముయ్యవే! అవెప్పుడు మాట్లాడాయి నా మొహం!" అంది పళ్ళు టకటకలాడుతుండగా.

ఇన్నాళ్ళూ నాకు ముచ్చెమటలు పోయించిన మనిషి రహస్యం అలా ఒక్క ముక్కలో బయటపడిపోయింది. నవ్వాలో తిట్టాలో తెలియలేదు. సారు చూస్తే కుర్చీలో బిగుసుకుపోయాడు, మేస్త్రీ కదిలేలా లేడు. ఇక నాకు తప్పుతుందా? ఉన్న ధైర్యమంతా కూడగట్టుకుని వంటింట్లోకి నడిచాను.

పొయ్యిలో బూడిద కూడా లేదు. తపేలాలన్నీ తోమి బోర్లించి ఉన్నాయి. మూలన నాటకాల కంపెనీకంతటికీ వండిపెట్టిన పెద్ద గుండిగ ఒకటి పక్కకి ఒరిగి ఉంది. దాని మూతి దగ్గర ముడుచుకుని కూర్చుని ఉంది మేస్త్రీగారి అక్కగారు. పక్కవీధికి వెళ్ళనే లేదు, మా మొహాలు చూడలేక ఇక్కడ దాక్కుంది. నన్ను చూసి వేలు పెదాల మీద పెట్టుకుంది. చెప్పొద్దు అన్నట్టు తల అడ్డంగా ఊపింది. ఆ కళ్ళలో ఆకలికంటే సిగ్గే ఎక్కువ కనపడింది నాకు.

బయటికొచ్చాను.

"ఎవరు?" అన్నాడు సారు.

"ఎవరూ లేరు సార్. గుండిగ ఒక్కటే ఉంది" అన్నాను.

వదిన నా వెనకే నిలబడి "హమ్మో" అంది. సారు మెల్లగా కుర్చీలోంచి లేచాడు. మేస్త్రీ ఎముకల చేతుల వంక చూశాడు, ఉతికిన చొక్కా వంక చూశాడు. ఆయనకి ఏం తట్టిందో ఏమో, గొంతు బాగా తగ్గించి అడిగాడు.

"మేస్త్రీగారూ, మీ గుండిగ లేదంటోంది. నిజమేనా?"

మేస్త్రీ తల దించుకున్నాడు. "అది కంపెనీవాళ్ళందరికీ వండిపెట్టింది సార్. దానికి అబద్ధం చెప్పడం రాదు."

"అయితే లేదంటారా?"

"అదే అంటోందిగా సార్... లేదు."

నేను వెంటనే రాసేశాను. పెన్ను బ్రహ్మాండంగా రాసింది.

తిరిగొచ్చే దారిలో సారు ముందు నడిచాడు, వెనక మేమిద్దరం. వదిన నా చెయ్యి వదల్లేదు.

"అయితే ఇన్నేళ్ళూ ఉత్తుత్తి వేషాలన్నమాట!" అన్నాను.

"మరేం చెయ్యమంటావే? మా చిన్నప్పుడు మా ఇంటికీ ఇలాగే ఒకాయన వచ్చాడు. మా అమ్మ 'ఉందండీ' అనేసింది. ఆ ఒక్క ఉందినే ఏడాదంతా తిన్నాం మేం. అమ్మ డబ్బాలో తల పెట్టి ఏడ్చేది." కొంగు సర్దుకుని మళ్ళీ అంది, "మనిషికి సిగ్గుంటుంది. తపేలాకి ఏం సిగ్గే? అందుకే దాన్ని అడుగుతాను."

నడివీధిలో ఆవిడ్ని గట్టిగా వాటేసుకున్నాను. "చాల్లే, జనం చూస్తున్నారు" అంది.

అక్కగారి సంగతి మాత్రం చెప్పలేదు. ఆమె వద్దంది కదా. దాంతో ఏమైందంటే, మా వదినకి గిన్నెలంటే నిజంగానే భయం పట్టుకుంది. తర్వాతి ఇంట్లో తపేలా ముందు కూర్చుని, మూత మీద వేలితో మెల్లగా తట్టి, "ఏమండీ, చెప్పదల్చుకుంటే కాస్త నెమ్మదిగా చెప్పండి, నాకు గుండెదడ" అంది. నవ్వాపుకోలేక నేను బయటికి పరుగెత్తాను.

మేస్త్రీగారికి బియ్యం శాంక్షనయ్యాయి. మొదటి మూట ఇచ్చేందుకు నేనే వెళ్ళాను. అక్కగారు గుమ్మంలో కూర్చుని ఒక జడ చిక్కు తీస్తోంది. మొహంలో కాస్త కళ వచ్చింది.

"ఆ రోజు భలే ధైర్యం చేశారండీ" అన్నాను చెవిలో. "బియ్యం లేవు, పిండి లేదు అంటూ కడిగిపారేశారుగా!"

ఆమె దువ్వెన ఆపి నా వంక వింతగా చూసింది.

"నేను గుండిగలో మొహం పెట్టి ఒక్క 'లేదు' అన్నానమ్మా, అంతే. ఆ తర్వాత నోరెండిపోయి ఒక్క మాట పెగిలితే ఒట్టు. మిగతాదంతా నువ్వే అన్నావనుకున్నాను."

నేను మూట అక్కడ దించేసి, వెనక్కి తిరిగి చూడకుండా ఇంటికొచ్చేశాను. ఈ సంగతి ఇప్పటికీ వదినతో అనలేదు, ఆవిడ గుండె తట్టుకోలేదు. ఆ సాయంత్రం వంటింట్లోకి వెళ్ళి, అన్నం తపేలా మూత తీయబోయి ఆగాను. ఇంట్లో ఎవరూ వినట్లేదని ఒకటికి రెండుసార్లు చూసుకున్నాను.

"మూత తీస్తున్నానండీ" అన్నాను.