మూడువందల కుదుపులు

సీసా మాస్టారికి ఉన్నది ఒకటే పిచ్చి. చేతిలో సీసా లేకపోతే ఆయనకు ఊపిరాడదు, ఉంటే దానికి ఊపిరాడనివ్వరు. పోస్టాఫీసులో కుడిచేత్తో కవర్ల మీద ముద్రలు గుద్దుతూ, ఎడమచేత్తో సీసా కుదుపుతుండేవారు. ఓసారి చేతులు తారుమారై ఎవరిదో రిజిస్టరు ఉత్తరాన్ని మూడువందల సార్లు కుదిపారని, సీసా మీద ముద్ర వేశారని అక్కడ ఇప్పటికీ చెప్పుకుంటారు.

సీసాలో ఉండేది చక్కెర లేని సిరప్, అంటే చక్కెరకు బదులు వాడే తీపి పొడి కలిపిన నీళ్ళు. కొత్తకోడలు కాపురానికొచ్చిన రెండోరోజే అడిగేసింది.

"ఆ తీపి పొడి నేరుగా గ్లాసులో వేసుకోకూడదా మామయ్యగారూ?"

"చల్లటి నీళ్ళలో వేస్తే అడుగున అలిగి కూర్చుంటుందమ్మా. ఎంత బతిమాలినా లేవదు."

"పోనీ, పొయ్యి మీద రెండు నిమిషాలు..."

"పొయ్యా!" మాస్టారు సీసాను గుండెలకు హత్తుకున్నారు. "గ్లాసుడు నీళ్ళు, నాలుగు చెంచాల పొడి, మూడువందల కుదుపులు. మధ్యలో మంటకేం పని?"

"మీ మామయ్యకు షుగరమ్మా, పాపం," అంది అత్తగారు, కిటికీలోంచి ఎటో చూస్తూ.

ఆయన పుణ్యమా అని ఇంటిల్లిపాదికీ అదే తీపి. వీధిలో ఎవరెదురైనా "షుగరెలా ఉంది మాస్టారూ?" అని అడిగి, ఓ సలహా పారేసి పోయేవారు. మాస్టారు శ్రద్ధగా విని, "కంట్రోల్లోనే ఉంది" అనేవారు, అదేదో బహుమతి గెలిచినట్టు.

ఆయన రిటైరైన రోజు ఇంటికి ముప్ఫైమంది వచ్చారు. వచ్చినవాళ్ళకెందుకీ శిక్ష అనుకుంది కోడలు. అసలు చక్కెరతో పాకం కాచి, అలాంటి సీసాలోనే పోసి, అందరి నిమ్మరసంలోనూ అదే కలిపింది. మామగారి గ్లాసు మాత్రం జాగ్రత్తగా వేరే పెట్టింది.

ఉపన్యాసం వింటూ మాస్టారు అలవాటుకొద్దీ బల్ల మీది సీసా అందుకుని కుదిపారు. చేయి టక్కున ఆగింది. తన సిరప్ గలగలమంటుంది. ఇది బద్ధకంగా గుబుక్కుమంది! ఆయన చూపు గది చుట్టూ పరుగెత్తింది. అత్తగారు గ్లాసు పెదాల దాకా తెచ్చుకుంది.

రెండు కుర్చీలు బోర్లాపడ్డాయి. మాస్టారు ఆ గ్లాసు లాక్కుని గటగటా తాగేశారు.

"మాస్టారూ! మీకు షుగరు!" అని గది గదంతా గొల్లుమంది.

"కంట్రోల్లోనే ఉంది," అన్నారాయన మూతి తుడుచుకుంటూ.

కోడలు వంటింట్లో బావురుమంది. "నావల్లే మామయ్యగారూ! డాక్టరు దగ్గరికి పదండి."

"నాకేం కాదమ్మా," మాస్టారు గొంతు తగ్గించారు. "షుగరు నాకు కాదు. మీ అత్తయ్యకి."

"మరి మీరు..."

"ఆరేళ్ళ కిందట తెలిసింది. ఇక కనిపించినవాళ్ళంతా జాలిపడి సలహాలిస్తారు, భరించలేనని మీ అత్తయ్య ఒకటే ఏడుపు. నాకా, ఎవరేం చెప్పినా విసుగు రాదు. అందుకని ఆ జబ్బు నా పేర రాయించుకున్నాను."

కోడలికి నవ్వు, ఏడుపు కలిసి వచ్చాయి. ఇంతమంచి మనిషినా తను ఇన్నాళ్ళూ చాదస్తుడనుకున్నది! కళ్ళు తుడుచుకుని ఖాళీ సీసా అందుకుంది.

"అత్తయ్యగారి గ్లాసుకి కొత్తది కలుపుదాం. నూటయాభై మీరు, నూటయాభై నేను."

హాల్లోంచి అత్తగారి గొంతు వినిపించింది. "ఏం చెప్పమంటారు వదినా! షుగరు మనిషి, నోరు కట్టుకోవద్దూ? నేను కనిపెట్టుకుని ఉండబట్టి సరిపోతోంది గానీ!"

మాస్టారు అప్పటికి నలభై మూడో కుదుపులో ఉన్నారు. లెక్క తప్పకుండా నవ్వారు.