గిన్నెలో పోసిన వేడినీళ్ళు

జపానులోని మికుని రేవులో ఏ ఇంట చేమదుంపలు చక్కగా ఉడికినా, "ఇత్సుయే దగ్గర నేర్చుకున్నావా?" అని అడగడం అలవాటు. చెప్పుకోవడానికి ఆమె పేరుమోసిన వంటగత్తె ఏమీ కాదు, వలలు బాగుచేసే యోషినోబు భార్య. కాపరానికి వచ్చిన నాటినుంచి తెల్లవారకముందే లేస్తుంది. బియ్యం కడిగి, వండి, మొదటి ముద్దను చిన్న ఇత్తడి గిన్నెలో బుద్ధుడి పీఠం ముందు పెడుతుంది. చేతులు జోడించి "నము అమిద బుత్సు" అని అమితాభ బుద్ధుడి నామం తలుచుకున్నాకే తక్కినవాళ్ళకు వడ్డిస్తుంది. ఆమె జీవితమంతా అంతే. కాని ఆమె చేతిలో ఏదో ఉందని ఊరు నమ్మింది.

ప్రతి నవంబరులో గుడిలో తమ పంథా నెలకొల్పిన గురువుగారి పేర సమారాధన జరుగుతుంది. ఆడవాళ్ళందరూ చేరి దుంపలు చెక్కుతారు, ఎర్ర చిక్కుడుగింజలు ఉడకబెడతారు, వేయించిన టోఫు కోస్తారు. పెద్ద గుండిగలో ఉప్పటి సోయా సాసు పోసే వేళకు మాత్రం అందరి చేతులూ ఆగిపోతాయి. గుడి అమ్మగారు, అంటే పూజారి భార్య, చిన్న పళ్ళెంలో రసం తీసి ఇత్సుయేకు అందిస్తుంది. ఇత్సుయే నాలుకకు తగిలించి, కళ్ళు మూసి, "చాలు" అంటే చాలు, "ఇంకాస్త" అంటే ఇంకాస్త. "ఇందులో నాదేముంది, దుంపల మంచితనం" అని పైకి అనేది. ఆ ఒక్క క్షణం కోసం ఏడాదంతా ఎదురుచూస్తుందని మాత్రం ఎవరికీ తెలియనిచ్చేది కాదు.

పోయిన చలికాలం ఆమెకు జలుబు చేసి జ్వరం పట్టుకుంది. జ్వరం తగ్గింది గాని, పోతూ పోతూ వాసనలన్నీ మూటకట్టుకుపోయింది. మొదట పీఠం దగ్గర తెలిసింది. అగరుబత్తి వెలిగించి, తడిసిందేమో, వాసన రాలేదనుకుంది. కళ్ళు తెరిస్తే పొగ నిలువుగా లేస్తోంది. అన్నం గిన్నె మూత తీస్తే ఆవిరి మొహాన కొట్టింది, అంతే. రేపటికి వస్తుందిలే అనుకుంది. మర్నాడూ అదే అనుకుంది. నాలుక తడిచెక్క అయిపోయింది. ఉప్పు మాత్రం ఆవలి ఒడ్డునుంచి ఎవరో పిలిచినంత సన్నగా అందేది. ఆ పిలుపు సరిగ్గా వినబడాలని ఆమె ఇంకాస్త వేసేది.

ఎవరికీ చెప్పలేదు. డాక్టరుకు మోకాళ్ళు చూపించి వచ్చింది, నాలుక చూపించలేదు.

ఇంటివంట నేర్చుకోవాలని దేశాలు తిరుగుతూ వచ్చేవాళ్ళకు ఆ ఇంట్లో బస ఇవ్వడం కోడలు అసామి చేసిన ఏర్పాటు. "మీ చెయ్యి ఈ ఊరితో ఆగిపోకూడదు అత్తయ్యా" అని బతిమాలి ఒప్పించింది. ఆ ఏడు సమారాధనకు ముందురోజుల్లో లాత్వియా నుంచి ఇల్జే అనే పిల్ల వచ్చింది. వస్తూనే గుమ్మానికి నుదురు కొట్టుకుంది. తర్వాత నడుం పూర్తిగా వంచి, పుస్తకాల్లో నేర్చిన భాషలో పలికింది.

"నేను తమరి వద్ద వంట అభ్యసించుటకు వచ్చితిని. నన్ను తప్పక మందలించుడు."

యోషినోబు చేతిలో పేపరు దించాడు. "గుడిలో సూత్రం చదివినట్టు మాట్లాడుతోందేమే ఈ పిల్ల! పద్మాసనం వేసుకుని వినాలా ఏంటి?"

"మీరు నోరు మూసుకుంటే చాలు. రా అమ్మా, ముందు ఆ నుదుటిమీద తడిగుడ్డ వేసుకో."

ఆ పిల్లకు నేర్చుకోవాలనే ఆశ ఎక్కువ. బియ్యం ఎన్ని నీళ్ళు మార్చి కడగాలో చూసింది. సముద్రపు నాచు ఆకును రాత్రే నానబెట్టాలని, ఆ నీళ్ళు మరిగేలోపే ఆకు తీసెయ్యాలని తెలుసుకుంది. చేమదుంపకు ఆరు పలకలు వచ్చేలా చెక్కబోయి మూడే వచ్చాయి. వాటిని చూసి తనే పకపకా నవ్వింది. ఇత్సుయేకు ఆ నవ్వు నచ్చింది.

"సోయా ఎంత వేయవలెను, అమ్మగారూ?"

"ఎంతేంటే? చేతికి తెలుస్తుంది."

"నా చేతికి తెలియదే."

"పది చలికాలాలు పోతే తెలుస్తుంది" అంటూ ఇత్సుయే సీసా వంచింది. గట్టు దగ్గర ముల్లంగి తరుగుతున్న అసామి కత్తి ఒక్క క్షణం ఆగి మళ్ళీ కదిలింది. ఇత్సుయే అది గమనించలేదు.

ఆ మధ్యాహ్నం నలుగురూ బల్లచుట్టూ కూర్చున్నారు. ఇత్సుయే పులియబెట్టిన సోయా ముద్దతో కాచిన మిసో పులుసు గిన్నెల్లో పోసి, పచ్చడి తెద్దామని వెనకగదిలోకి వెళ్ళింది. వచ్చేసరికి అసామి గిన్నెలు అమర్చేసింది. యోషినోబు ఒక గుక్క తాగి "బాగుంది" అన్నాడు. "చాలా బాగుంది అత్తయ్యా" అంది అసామి. ఇల్జే కూడా తాగి, అన్నం తినే పుల్లలు జాగ్రత్తగా కింద పెట్టి, ఒళ్ళో చేతులు పెట్టుకుంది.

"అమ్మగారూ, తమరు ఒక పని నేర్పుట మరచితిరి. తమరు పులుసు పోసిన పిమ్మట అసామిగారు కెటిల్‌లోని వేడినీళ్ళు అన్ని గిన్నెలలోను పోయుదురు. నిన్నను పోసిరి, మొన్నను పోసిరి. తమరి గిన్నెలో మాత్రము పోయరు. ఆ నీళ్ళు ఎంత పోయవలెను? అదియును చేతికే తెలియునా?"



"అదీ... చల్లారిపోయుంటుంది. వేడికోసం పోసుంటుంది పిల్ల" అన్నాడు యోషినోబు గోడవైపు చూస్తూ.

ఇత్సుయే కోడలి మొహం చూసింది. "ఎప్పట్నించి?"

అసామి చెవులు ఎర్రబడ్డాయి.

"నిన్నే అడుగుతున్నా."

"మీకు జ్వరం తగ్గినప్పట్నించి, అత్తయ్యా."

"ఏదో కాస్త ఉప్పెక్కువ పడిందంతేనే" అన్నాడు యోషినోబు. "సముద్రం ఒడ్డున పుట్టినోళ్ళం. ఉప్పు మనకు కొత్తా?" తన మాటకు తనే నవ్వబోయి, ఎవరూ నవ్వకపోయేసరికి దగ్గుగా మార్చుకున్నాడు.

ఇల్జేకు ఏం జరిగిందో పూర్తిగా అర్థంకాలేదు గాని, ఏదో పగలగొట్టానని తెలిసింది. కళ్ళనిండా నీళ్ళు తెచ్చుకుంది. "నేను అపరాధము చేసితినా?"

"లేదమ్మా. అడగాల్సిందే అడిగావు. తిను" అంది ఇత్సుయే. తనూ తన గిన్నె ఎత్తి అడుగుదాకా తాగింది. ఆవలి ఒడ్డు పిలుపు ఎప్పట్లాగే సన్నగా వచ్చింది. ఇంట్లోవాళ్ళు నోట పెట్టుకోలేనిది ఇదేనన్నమాట.

గిన్నెలు సర్దుతుంటే ఒక్కొక్కటీ గుర్తుకొచ్చి తల కొట్టేసినట్టయింది. యోషినోబు ఈ మధ్య ప్రతిపూటా అన్నంలో పాలు కలపని టీ నీళ్ళు పోసుకుంటున్నాడు. "పళ్ళు కదులుతున్నాయే, మెత్తగా ఉంటే హాయి" అన్నాడు. ముసలితనం వచ్చిపడిందని తను వేళాకోళమాడింది కూడా. చేమదుంపలు పంపిస్తే పక్కింటి కికునో అవ్వ "ఇంత మంచివి ఒక్కపూటే తినెయ్యబుద్ధి కాలేదమ్మాయ్, మూడురోజులు దాచుకుని తిన్నా" అంది. అది విని తను పొంగిపోయింది. అన్నిటికంటే వసంతకాలపు పూజ గుండెలో గుచ్చుకుంది. ఆరోజు గుడిలో వంట తన మాట మీదే దిగింది. ఆకుకూరముక్క కూడా మిగల్చకుండా అందరూ తిన్నారు. టీ కెటిళ్ళు మాత్రం ఎన్నిసార్లు నింపినా ఖాళీ అయ్యాయి. "ఎండలు ముందే వచ్చాయి, పాపం అందరికీ దాహం" అని తనే నడుం బిగించి టీ పోసుకుంటూ తిరిగింది. బుద్ధుడి ఎదుట, ఊరి ఎదుట, నవ్వుతూ! ఒక్కరైనా మొహం చిట్లించలేదు. తలలు వంచి "ధన్యులం" అన్నారు.

ఊరంతా కలిసి తన పరువు కాపాడారు. ఆ దయ తలుచుకుంటే నిలబడ్డచోటే కుంగిపోవాలనిపించింది. తనకు తెలియక జరిగితే అదో దారి. నాలుక చచ్చిందని తనకు తెలుసు. తెలిసే కళ్ళు మూసుకుని "చాలు" అంది. వాళ్ళు ఆమె మీద ప్రేమతో అబద్ధమాడారు, ఆమె తన పేరు మీద ప్రేమతో ఆడింది.

అంతలో ఫోను మోగింది. గుడి అమ్మగారు. "రేపు దుంపలు చెక్కడం పెందరాళే మొదలుపెడతాం ఇత్సుయే. నువ్వు నెమ్మదిగానే రా. నువ్వొచ్చేదాకా సోయా సీసా మూత కూడా తియ్యం!"

మోకాలు బాగాలేదని చెప్పొచ్చు. అసలు మాటే చెప్పొచ్చు. "అలాగే, వస్తాను" అంది ఇత్సుయే. ఫోను పెట్టేశాక తన నోటిమీద తనకే అసహ్యం వేసింది.

తొట్టి దగ్గర అసామి వీపు తిప్పి గిన్నెలు తోముతోంది. ఇత్సుయే పక్కన నిలబడి తుడవడం మొదలుపెట్టింది.

"ఒక్కమాట చెప్తే ఏం పోయేదే నీకు?"

"ఎలా చెప్పమంటారు? కొత్తగా వచ్చిన ఏడు నేను చేప మాడబెడితే, కరకరలాడుతోందని తోకతో సహా తిన్నారు మీరు."

"నీ మొహం చూడలేక తిన్నాను."

"నేనూ మీ మొహం చూడలేకే పోశాను అత్తయ్యా."

ఇత్సుయే తుడిచిన గిన్నెనే మళ్ళీ తుడిచింది. సాయంత్రం పీఠం ముందు కూర్చుంటే జోడించిన చేతులు బరువెక్కాయి. నామం సగంలో ఆగిపోయింది. ఈ గిన్నెలో అన్నం కూడా ఇన్నాళ్ళూ ఎలా ఉందో ఏమో, పీఠం మీది బుద్ధుడు కూడా ఏమీ అనలేదు.

మర్నాడు ఇల్జేను, అసామిని వెంటబెట్టుకుని గుడికి వెళ్ళింది. వంటశాలంతా ఆవిరి. దుంపల బుట్టల చుట్టూ ఆడవాళ్ళు పీటలేసుకుని కూర్చుని, ఎవరి కోడలు ఎంత పొద్దెక్కి లేస్తుందో లెక్కలు తేలుస్తున్నారు. ఇల్జే చెక్కిన దుంప చూసి ఒకామె "ఇది దుంపా, పాచికా?" అంటే అందరూ గొల్లుమన్నారు, ఇల్జేతో సహా.

గుడి అమ్మగారు గుండిగలోంచి రసం తీసి, చిన్న పళ్ళెం రెండుచేతులతో ఇత్సుయేకు అందించింది. మాటలు ఆగిపోయాయి. కత్తులు ఆగిపోయాయి. ఈసారి ఆ మొహాలు చూసింది ఇత్సుయే. ఏ మొహంలోనూ వెక్కిరింపు లేదు. ఆమె ఏమన్నా సరే, దించిన తలతో తినడానికి అందరూ సిద్ధంగా ఉన్నారు. అది చూడగానే ఆమెకు చెవులదాకా వేడెక్కింది.

పళ్ళెం నోటిదాకా వెళ్ళి ఆగింది. తాగకుండానే దించేసింది.

"నాకు రుచి తెలియట్లేదు" అంది. "చలికాలంనించీ తెలియట్లేదు. తెలిసినట్టు నటించాను. వసంతపూజ రోజున మీ అందరిచేతా ఉప్పు తినిపించాను. చెప్పడానికి సిగ్గేసింది. ఇప్పుడూ సిగ్గుగానే ఉంది. నన్ను క్షమించండి."

నేలమీద మోకరిల్లి నుదురు ఆనించింది. "అయ్యో, అంత ఉప్పేం లేదు" అని ఎవరో మొదలుపెట్టి, ఆ మాట ఇంకా అబద్ధంలా వినబడేసరికి మింగేశారు.

ఇత్సుయే లేచి పళ్ళెం అసామి చేతిలో పెట్టింది. "నువ్వు చెప్పు."

"నేనా? పెద్దవాళ్ళిందరుండగా నేనెలా అత్తయ్యా?"

"ఇన్ని నెలలు నా వంట దిద్దుకుంటూ వచ్చావు. ఎంత పొయ్యాలో నీకే తెలుసు. నా మొహం చూడకు. నాలుక మాట చెప్పు."

అసామి రుచి చూసింది. కళ్ళు మూయలేదు. ఇంకోసారి నాలుకకు తగిలించుకుంది. "ఇంకొక్క గరిటె సోయా పడాలి. కొద్దిగా చక్కెర కూడా" అంది మెల్లగా. గుడి అమ్మగారు మారుమాట లేకుండా సీసా మూత తీసింది.

ఇత్సుయేకు గుండిగ దగ్గర ఇక పని లేదు. ఎన్నేళ్ళుగానో నిలబడ్డ చోటు అది. చేతులెక్కడ పెట్టుకోవాలో తెలియక ఒక క్షణం నిలబడిపోయి, తలుపు దగ్గర, కొత్తగా చేరినవాళ్ళు కూర్చునే వరస చివరకు నడిచింది. కికునో అవ్వ తల ఎత్తకుండానే పీట పక్కకు జరుపుకుంది.

"కూర్చో అమ్మాయ్. ఈ బుట్టెడూ మనిద్దరికే వదిలేశారు దొంగమొహాలు."

ఇత్సుయే కూర్చుని కత్తి తీసుకుంది. మొహం ఇంకా మండుతూనే ఉంది. ఎవరి కళ్ళలోకీ చూడలేకపోయింది. అయినా లేచిపోలేదు. ఒక దుంప అందుకుని చెక్కడం మొదలుపెట్టింది.