తిట్టనిదే చేపని బర్రె

ఆదిభట్లలో కంపెనీ బస్సు దిగుతుంటే ఫోన్ వచ్చింది. "బిడ్డా, మీ అత్తమ్మ పోయింది. కొట్టంలనే కూలబడ్డది. జల్ది రా," అన్నది పక్కింటి చాచీ. నేను బయలుదేరేటప్పుడు టిఫిన్ డబ్బా మూత సరిగ్గా పెట్టలేదని తిట్టిన మనిషి. నమ్మబుద్ధి కాలేదు.

మాది ఇబ్రహీంపట్నం. చుట్టూ ప్లాట్లు పడి, మేపే జాగ లేక అందరూ గొడ్లను అమ్ముకున్నా అత్తమ్మ తన ఒక్క బర్రెను అమ్మలేదు. "పాకిట్ పాల చాయ్ నాకు గొంతు దిగదు" అనేది. ఆ బర్రెకూ ఆమె చెయ్యి తప్ప ఇంకో చెయ్యి తెలియదు.

ఆమెను సాగనంపి వచ్చేసరికి పొదుగు రాయిలా గట్టిపడింది. మా ఆయన దగ్గరికి పోతే తన్నింది. పాలు కుడవడానికి దుడ్డెను వదిలితే దాన్నీ రానీయలేదు. మర్నాడు పొదుగు సలసల కాగుతోంది. "ఇయ్యాల పాలు దిగకపోతే పొదుగు చెడి బర్రె పాణం మీదికొస్తది. ఇగ నా చేతుల లేదు," అని పశువుల డాక్టరు చెప్పిపోయాడు. నాకు భయం పట్టుకుంది. ఆమె పోయింది. ఆమె పాణం పెట్టుకున్న ఈ బర్రె కూడా పోతే ఆ ఖాళీ కొట్టం చూస్తూ ఎట్లా బతకడం?

అత్తమ్మ చీర కట్టుకొని పొదుగు దగ్గర కూర్చున్నాను. బర్రె వాసన చూసింది. తన్నలేదు గానీ చేపలేదు, పాలు దించలేదు.

రోజూ పాలకొచ్చే చాచీ గుంజ పట్టుకొని చూస్తోంది. "ఉత్తగ కూసుంటే గాదు బిడ్డా. ఆమె నిన్ను తిట్టుకుంటనే పిండుతుండె. తిట్టు."

"నన్ను నేనా?"

"అవ్. దానికి గట్లనే అలవాటైంది."

సిగ్గు విడిచి మొదలుపెట్టాను. "నా కోడలు పొద్దెక్కినంక లేస్తది. దాని చారు ఉత్త నీళ్లు. అద్దం ముందట నిలబడ్డదంటే బస్సు పోవుడే." రోజూ వంటింట్లో ఉన్న నాకు వినపడేలా ఆమె కొట్టంలోంచి అనే మాటలే. బర్రె చెవి కదిలింది. వేళ్ల కింద పొదుగు మెత్తబడింది. మొదటి ధార చెంబులో మోగితే ఏడుస్తూనే తిట్టుకున్నాను.

"ఆఖర్న ఒక మాటుంటది," అన్నది చాచీ. "'ఎట్లున్నా నా బిడ్డనే. నేను తప్ప ఇంకెవలన్న దాన్ని ఒక్క మాటంటే ఊకోను' అని. గది మెల్లగ అంటుండె, నీకు ఇనబడొద్దని."

తిట్టేవాళ్లు లేక ఇల్లు ఇల్లులా లేదు. బస్సు వేళకు ముందు రోజూ ఆమె చీరతోనే కూర్చుంటాను. తిట్లన్నీ వరసగా ఒప్పజెప్తాను. ఆఖరి మాట దగ్గర ఆగిపోతాను. చెంబు నిండినా బర్రె కదలదు. చెవి నా వైపు తిప్పి, ఆ మాట కోసం నిలబడే ఉంటుంది.