ఆషాఢంలో దిగిన యంత్రం, ఇటలీ చట్టం

2022, వర్షాలు తగ్గుముఖం పట్టిన రోజులు. భిలాయి పవర్ హౌస్ మార్కెట్లో, మేడ మీద నా వకీలు ఆఫీసు. అప్పలస్వామి బాబాయ్ గొడుగు మడిచి కూర్చున్నారు. మా నాన్నతో స్టీల్ ప్లాంటు మెషిన్ షాపులో పనిచేసి, రిటైరయ్యాక క్యాంప్ 2 బస్తీ పక్కన షెడ్డు పెట్టుకున్న మనిషి. ఇటలీ నుంచి ఇనుము చెక్కే పెద్ద లేత్ తెప్పించారు. దానికి చోటు కోసం పాతది అమ్మేశారు. కొత్తది తిరగగానే వణికింది. బెడ్, అంటే యంత్రమంతా కూర్చునే ఇనుప దిమ్మ, పగిలి ఉంది. ఇంకో యంత్రం రాకపోతే షెడ్డు మూతే.

ఇటలీ కంపెనీ ఒకటే మాట అంది: సరుకు చేరి రెండు నెలలు దాటాక చెబితే ఎలా?

నేనూ అదే అడిగాను. యంత్రం ఆషాఢంలో దిగిందట. ఆషాఢంలో కొత్త పని మొదలెట్టరు కనుక పెట్టె విప్పలేదు. శ్రావణం వచ్చాక, ఎలాగూ సెప్టెంబరులో విశ్వకర్మ పూజ వస్తోంది, యంత్రాలకు అంతకంటే మంచి రోజేదని ఆగారు. ఆ రోజు కొబ్బరికాయ కొట్టి స్విచ్ వేశారు.

నాకు ఒళ్లు మండింది. "ముప్పయ్యేళ్లు ప్లాంటులో చేశారు. ఆషాఢమని ఒక్కనాడైనా ఫర్నేసు ఆపారా బాబాయ్?"

"అది సర్కారోళ్ల ఫర్నేసమ్మా. ఇది నాది."

నేను అసలు ప్రశ్నకు వచ్చాను. ఇలాంటి తగాదాలో ముందు తేలాల్సింది తప్పెవరిదని కాదు, ఏ దేశపు చట్టంతో తూచాలని. దాన్నే గవర్నింగ్ లా అంటాం. బాబాయ్‌కి అందులో సందేహమే లేదు.

"మిషను నా షెడ్డులో ఉంది, షెడ్డు మన దేశంలో ఉంది. మద్దిన ఇటలీ చట్టమేటి?"

"సంతకం పెట్టిన కాగితంలో ఇటలీ చట్టమని ఉంది."

"ఆ సన్న అచ్చరాలు ఎవుడు సదువుతాడమ్మా?"

నిజానికి ఆ సన్న అక్షరాలే మాకు మేలు చేసేలా ఉన్నాయి. మన సరుకుల అమ్మకం చట్టం ప్రకారం, సరుకును చాలాకాలం మాట్లాడకుండా ఉంచుకుంటే ఒప్పుకున్నట్టే. ఆపైన నష్టపరిహారం అడగొచ్చు గానీ, తిప్పి పంపడం కష్టం. బాబాయ్‌కి కావలసింది పరిహారం కాదు, యంత్రం. ఇటలీ మాత్రం దేశాల మధ్య అమ్మకాలకు సంబంధించిన వియన్నా ఒప్పందంలో ఉంది. సరుకులో లోపం మరీ పెద్దదైతే బదులు సరుకు అడగొచ్చని అందులో ఉంది.

అవతలి వకీలు వెంటనే అడ్డుపడ్డారు. భారతదేశం ఆ ఒప్పందంలో చేరలేదు కదా అన్నారు. ఆ మాట నిజమే. అయితే ఆ ఒప్పందమనే ఇంటికి రెండు వాకిళ్లున్నాయి. ఇరుదేశాలూ చేరి ఉండటం ఒకటి. చేరిన దేశపు చట్టం వర్తించడం రెండోది. ఇటలీ చట్టమని రాసింది మీరే, అందులో ఈ ఒప్పందమూ భాగమే అని జవాబిచ్చాను.

మిగిలింది ఆలస్యం. కొన్నవాడు వీలైనంత త్వరగా సరుకు చూసుకోవాలని ఆ ఒప్పందమూ అంటుంది. అక్కడ మా దగ్గర ఆషాఢం తప్ప సాకు లేదు. అయితే లోపం తెలిసీ దాచిన అమ్మకందారు, ఆలస్యం అనే మాట ఎత్తకూడదనీ అంటుంది. బెడ్ అడుగున రంగు గీకించాం. బయటి ఇన్‌స్పెక్టర్ ఎదుట, పగులు వెంబడే నున్నగా అరగదీసిన పాత వెల్డింగ్ అతుకు బయటపడింది. కొత్త యంత్రంలో అతుకు దానంతటది పుట్టదు.

మధ్యవర్తి దాకా పోకుండానే వాళ్లు ఇంకో యంత్రం పంపడానికి ఒప్పుకున్నారు.

"సూసావా, మంచిరోజున ఇప్పాను కాబట్టే గెలిసాం," అన్నారు బాబాయ్.

ఊరుకోలేకపోయాను. పగులు దారిలో వచ్చిందే అయితే, వాళ్లు ఏదీ దాచకపోయి ఉంటే, ఆ మంచిరోజే మనల్ని ముంచేదని చెప్పాను. ఆయన తలూపారు గానీ ఒప్పుకున్నట్టు కనబడలేదు.

చట్టం నేలలోంచి మొలవదని, మనం ఇచ్చిన మాటలోంచి వస్తుందని నాకు ఆ కేసులో గట్టిగా తెలిసింది. ఆ మాటేమిటో చదివి చూడనివాడికి దేశం పేరైనా, తిథి పేరైనా ఒకే రకం ఊరట.

బదులు యంత్రం మరుసటి ఏడు మళ్లీ ఆషాఢంలోనే వచ్చింది. షెడ్డుకు వెళ్తే పెట్టె అప్పటికే విప్పి ఉంది. బాబాయ్ టార్చి పట్టుకుని బెడ్ కింద పడుకుని ఉన్నారు. పూజ ఎప్పుడని అడిగాను.

"విశ్వకర్మ పూజకే," అన్నారు కిందినుంచి. "దేవుడు ఆరోజు సూస్తాడు. నేను ఇయాలే సూసుకుంతన్నాను."