శవం లేచి వయసు చెప్పిన రోజు

శవం వేషం కంటే తేలికైన వేషం ప్రపంచంలో లేదంటారు. దాన్ని కూడా చెడగొట్టిన నటిని బహుశా నేనొక్కదాన్నే. ఎట్లా చెడగొట్టానో చెబుతాను, కాస్త కడుపు పట్టుకుని కూర్చోండి.

జనగామ నాటక సమాజంలో నేనూ, భూలక్ష్మక్కా ఇరవై ఏళ్లు ఒకే అద్దంలో రంగు పూసుకున్నాం. ఆమె నాకంటే ఏడేళ్లు పెద్ద. రాణి వేషం ఆమెదే, బిచ్చగత్తె వేషం ఆమెదే. భూపాలపల్లిలో ఓసారి పటేలు వేషగాడు రాకపోతే ఆ మీసమూ ఆమె మూతికే ఎక్కింది. నాకు మాత్రం ఎప్పుడూ చెలికత్తె. "అమ్మా, రథం సిద్ధం" అని నేను అన్నన్నిసార్లు రథం తోలేవాడు కూడా అని ఉండడు.

తరవాత సినిమాలు ఆమెను ఎత్తుకుపోయాయి. ఒకప్పుడు మా యాస సినిమాల్లో నవ్వించడానికే పనికొచ్చేది, ఇప్పుడు ఏడిపించడానికీ కావాలట. అమ్మ, అత్త, మంత్రసాని, ఎమ్మెల్యే, ఎవరిని చూసినా భూలక్ష్మక్కే. "ఎంత మంచి నటి!" అని ఆమెను ఎవరన్నా మెచ్చుకుంటే, రాజుగారి పెద్దభార్య మంచిదన్నప్పుడు చిన్నభార్యకు మండినట్టు మండేది నాకు. అవునండీ, అసూయే. ఆమె సినిమా వస్తే మా ఇంట్లో రిమోటు దాచేసేదాన్ని.

నిరుడు ఆమే ఫోన్ చేసింది.

"చెల్లె, మహబూబాబాద్ కాడ షూటింగ్ ఉన్నది. నీకొక వేషం జెప్పిన. వస్తవా?"

"ఏం వేషమక్కా?"

"నాకు తోడబుట్టినదానివి. కథంత నీ మీదనే నడుస్తది."

ఇంకేమీ అడగలేదు. సగం జనగామకు చాటి, పట్టుచీర కట్టి బస్సెక్కాను. తీరా పోతే ఓ ఇంటి వాకిట్లో చాప మీద పడుకోబెట్టి ముక్కులో దూది పెట్టారు.

"ఏందక్కా గిది?"

"సచ్చినవ్ చెల్లె," అంది భూలక్ష్మక్క నింపాదిగా. "నువ్వు సచ్చినంకనే కథ మొదలైతది."

చచ్చినా నటినే కదా! మొదటి టేకులో చెయ్యి జారవిడిచి, పెదవి వంచి, చేతనైనంత కరుణరసం ఒలికించాను. కుర్ర దర్శకుడు తల పట్టుకున్నాడు.

"అమ్మా, మీరేం జెయ్యద్దు. జర ఊకె సావున్రి!"

రెండో టేకులో భూలక్ష్మక్క నా మీద పడి ఏడుపు అందుకుంది. మా దిక్కు చావుఏడుపు ఎవరో రాసిచ్చేది కాదు. పోయినవాళ్ల వరసనూ గుణాలనూ రాగం తీసి ఏడ్వాలి. దర్శకుడు అంతా ఆమెకే వదిలేశాడు. ఆమె కన్నీళ్లు వెచ్చగా నా బుగ్గ మీద పడుతున్నాయి. చుట్టూ కూర్చోబెట్టిన ఊరి ఆడవాళ్లు నిజంగానే ఏడుస్తున్నారు. ఇరవై ఏళ్లలో నాకోసం ఒక్కరూ ఏడ్వలేదు. ఇవాళ ఏడుస్తుంటే ఆ పేరూ ఆమెకేనా? అప్పుడే ఆమె గొంతు పెంచింది.

"ఓ అక్కా... నా తల్లసొంటి అక్కా... నేను పుట్టినప్పటిసంది సంకల నుంచి దింపకపోతివి గదనే... నీ నెత్తి నెరిసె, పండ్లన్ని ఊడిపాయె..."

అక్కనా? నేనా? దిగ్గున లేచి కూర్చున్నాను.

"నీకంటె ఏడేండ్లు చిన్నదాన్ని! నువ్వు పుట్టంగ నిన్ను ఎత్తుకునుటానికి నేనేడున్న? నా పండ్లన్ని ఉన్నయ్, సూడున్రి!" అని కెమెరాకు ముప్పై రెండూ చూపించాను.

ఆడవాళ్లు అది షూటింగన్న సంగతే మరిచి, కురవి వీరన్నకు మొక్కుకుంటూ గేటు దాటి పరుగెత్తారు. దర్శకుడు "కట్" అనడం కూడా మరిచిపోయాడు. భూలక్ష్మక్క మాత్రం నేల మీద కూలబడి నవ్వింది.

"నలభై ఏండ్లసంది ఎన్ని సావులకు ఏడ్చిన్నో! ఎదురు జవాబిచ్చిన పీనుగను గిప్పుడే సూసిన."

నన్ను ఇంటికి పంపి, నా చోట రెండు దిండ్లు పెట్టి, దుప్పటి కప్పి తీశారు. ఆ సినిమా జనగామలోనే చూశాను. హాలంతా ఏడ్చింది. పక్కసీటావిడ నా చెయ్యి పట్టుకుని, "పాపం, ఆ సచ్చినామె ఎంత మంచిగ జేసిందో!" అంది.

భూలక్ష్మక్క మీద అసూయ ఆ రోజే పోయింది. ఇప్పుడు దిండ్లను చూస్తే మండుతోంది. సకల దేవతల సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను: ఇకపై ఎవరు ఎంత ఏడ్చినా, నా వయసు నూరేళ్లకు పెంచినా, చచ్చినట్టు పడి ఉంటాను.