దండ వేసుకున్న మొగుడు

మొన్న మహబూబ్‌నగర్‌లో గడ్డం గీయించుకుంటుంటే, అద్దం పైనున్న టీవీలో పాత సినిమా ఒకటి వచ్చింది. అందులో హీరో తండ్రిని నేనేనని, ఆ రోజుల్లో నా డైలాగులకు హాలంతా దద్దరిల్లేదని ఆ గడ్డం గీసేవాయనకు గొప్పగా చెప్పాను. ఆయన కత్తి ఆపి ఒకసారి టీవీని, ఒకసారి నన్ను చూశాడు. ఇది చదివే మీరు నా ఈడువాళ్ళు, మీ దగ్గర దాపరికమెందుకు? ఆ సినిమాలో నేను నోరు తెరవలేదు, కన్ను కూడా ఆర్పలేదు. గోడకు వేలాడిన ఫోటోను నేను.

అసలు నటి మా ఆవిడ. ఎనభైల్లో, నారాయణపేటలో నాకు చీరల దుకాణం ఉన్న రోజుల్లో, నాటకాల్లో చెలికత్తె వేషాలు వేసే ఆమెను ఎవరో చూసి హైదరాబాదుకు పిలిపించారు. అప్పటికామెకు నలభై కూడా నిండలేదు గానీ మొదటి వేషమే హీరో తల్లి, ఆ తర్వాత మేనత్త, పక్కింటి పిన్ని, మళ్ళీ తల్లి. పోస్టరు మీద ఆమె ముఖం ఎన్నడూ పడలేదు, అయినా ఎక్కడికి పోయినా జనం గుర్తుపట్టి చుట్టూ మూగేవాళ్ళు, నన్ను మాత్రం సంచులు మోసే మనిషిననుకునేవాళ్ళు. నాకు కడుపు మండిపోయేది. కొడుకు వేషం కట్టినవాడు ఆమెకన్నా పెద్దవాడు. వాడు అమ్మా అంటూ వాటేసుకుంటే, కొడుకే కదా అని మనసుకు నచ్చజెప్పుకుంటూనే, అంత గట్టిగా పట్టుకోవాలా అని పళ్ళు నూరేవాణ్ణి. అందుకే దుకాణం తమ్ముడికి వదిలి ప్రతి షూటింగుకూ ఆమె వెంట పోయేవాణ్ణి.

ఒకరోజు సెట్టులో గోడకు పెద్ద ఫోటో తగిలిస్తున్నారు. మెలి తిప్పిన మీసం, నొక్కుల జుట్టు. ఎవరాయన అని అడిగితే, మీ ఆమె మొగుడు అన్నాడు సామాన్లు సర్దే మనిషి. నా ముఖం మాడిపోయింది.

“ఫికర్ జెయ్యకు సేటూ, గాయన సచ్చిపోయిండు గద!”

“సచ్చినోడైనా సరే, గాయనెందుకు? మొగుణ్ణి నేను బతికే ఉన్న గదా!”

“గదే తిప్పలు. మాకు సచ్చినోడు గావాలె!”

చివరికి నా గొడవ పడలేక దర్శకుడు నవ్వి సరేనన్నాడు. వెనక వీధి ఫోటో స్టూడియోకు పరుగెత్తి అరువు కోటులో నేను దిగిన ఫోటో మధ్యాహ్నానికల్లా గోడెక్కింది. దండ పడింది, అద్దం మీద బొట్టు పడింది. ఆ మీసాలాయన మూలన బోర్లా పడ్డాడు. నా ఛాతీ ఉబ్బింది.

తెల్ల చీరలో మా ఆవిడ వచ్చి తలెత్తింది. ఆమెకు నేను ముందుగా చెప్పలేదు. కంట్లో గ్లిజరిన్ వేయకుండానే బావురుమంది, చెప్పాల్సిన మాటలు మరిచి ఫోటోలోని ముఖాన్ని చేత్తో తడుముతూ ఉండిపోయింది. లైట్ల వెనక నిలబడ్డ నేను జాలిపడ్డానని రాస్తే అబద్ధం. కుళ్ళుకున్నాను. అన్నేళ్ళ కాపురంలో నా ముఖాన్ని ఒక్కసారైనా అట్లా తడమలేదే!

తిరుగు బస్సు షాద్‌నగర్ దాటింది. ఉండబట్టలేక, నాకోసం ఎన్నడన్నా గట్ల ఏడ్చినవా అని నేనే అడిగాను.

“నిన్ను జూస్తే నవ్వే ఆగదాయె, ఏడ్వనీకె సందేడుంది? ఇంకోపారి దండేసుకున్నవంటే నేనే సంపుత!”

అని నా చెయ్యి గట్టిగా పట్టుకుని, జడ్చర్ల వచ్చినా వదల్లేదు. బస్సంతా ఆమెనే చూస్తోంది గానీ, ఆ ఒక్కరోజు నాకు మండలేదు.

తర్వాత తల్లి వేషాలకు కొత్తవాళ్ళు వచ్చారు, ఆమె సినిమాలాడిన హాళ్ళు పెళ్ళిళ్ళ మండపాలయ్యాయి. ఇప్పుడు ఇద్దరం సంతకు పోతే ఎవ్వరూ తలెత్తరు, ఎవరి కళ్ళు వాళ్ళ ఫోన్లలోనే. జిల్లా అంతా ఆమెను చూస్తోందని కుమిలినవాణ్ణి, ఇప్పుడామెను చూసేవాణ్ణి నేనొక్కణ్ణే మిగిలాను. నేను కోరుకున్నది అదే కదా. అయినా ఎవరో ఒకరు ఆగి, నువ్వు ఆ సినిమాలో అమ్మవు కదూ అని ఆమెను అడుగుతారేమోనని, ఎదురొచ్చే ముఖాలన్నీ వెతుకుతూ నడుస్తుంటాను.